పెద్ద తలకాయలు

పసిబిడ్డ తల కొలవడానికి రెండు నిమిషాలు చాలు. కావలసింది సాగని టేపు ఒక్కటే. కనుబొమల పైనుంచి మొదలుపెట్టి, చెవుల మీదుగా తీసుకెళ్లి, వెనక తల బాగా ఉబ్బెత్తుగా ఉన్నచోట చుట్టి ముందుకు తేవాలి. బిడ్డ కుదురుగా ఉండదు, తల అటూ ఇటూ తిప్పేస్తుంది. అందుకే మూడుసార్లు కొలిచి, వచ్చినవాటిలో పెద్ద అంకె రాసుకుంటారు. నెలలు నిండి పుట్టిన బిడ్డకు అది 34, 35 సెంటీమీటర్లు ఉంటుంది. మొదటి మూడు నెలలూ నెలకు రెండేసి సెంటీమీటర్లు, తర్వాతి మూడు నెలలూ ఒక్కోటి, ఆపైన అర సెంటీమీటరు చొప్పున పెరిగి, ఏడాది నిండేసరికి 46 దాటుతుంది. బరువు తూచడం మీద ఉన్న శ్రద్ధ మన దగ్గర తల కొలవడం మీద ఉండదు. ఉండి తీరాలి. అండమాన్ నికోబార్ దీవుల్లో మరీ ఉండాలి.

కారణం సముద్రం. పోర్ట్‌బ్లెయిర్ నుంచి చెన్నైకి గానీ విశాఖకు గానీ దాదాపు 1200 కిలోమీటర్లు. 2024 సెప్టెంబరులో శ్రీవిజయపురం అని పేరు మారినా ఊళ్లో ఇంకా పోర్ట్‌బ్లెయిర్ అనే అంటారు. అక్కడి నుంచి దక్షిణాన గ్రేట్ నికోబార్‌లోని క్యాంప్‌బెల్ బే మరో అయిదు వందల కిలోమీటర్ల పైమాటే. 2011 జనగణన ప్రకారం దీవుల జనాభా 3,80,581. వారిలో నూటికి పదముగ్గురి మాతృభాష తెలుగు. శ్రీకాకుళం, విశాఖ తీరాల నుంచి చేపల వేటకు, కూలిపనికి వెళ్లి స్థిరపడ్డ కుటుంబాలే ఇందులో ఎక్కువ. మెదడుకు సంబంధించిన పెద్ద వైద్యం అవసరమైతే వాళ్లలో చాలామంది ‘మెయిన్‌ల్యాండ్’ వైపు చూడాల్సిందే. ఓడ టికెట్టు, వాతావరణం, తోడు వచ్చే మనిషి, ఆగిపోయే కూలి, ఇవన్నీ కుదరాలి. ఆలస్యం మొదలైతే రోజులతో ఆగదు. అందుకే తల కొలత ముందే తెలియాలి.

వయసుకు, ఆడ మగ తేడాకు తగినట్టు తయారైన పట్టికలో నూటికి తొంభై ఏడుమంది కంటే పెద్దగా ఉన్న తలను వైద్యులు మాక్రోసెఫలీ అంటారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఈ తల పట్టికను 2007లో విడుదల చేసింది. ఇది జబ్బు పేరు కాదు, కొలత పేరు మాత్రమే. పెద్ద తల చాలాసార్లు వంశపారంపర్యం. ‘మా వంశంలో అందరివీ పెద్ద తలకాయలే’ అని నానమ్మ అంటే మంచి డాక్టరు ఆ మాట కొట్టిపారేయడు. తల్లిదండ్రుల తలలు కూడా కొలిచి చూస్తాడు. బిడ్డ చక్కగా నవ్వుతూ, మెడ నిలుపుతూ, వయసుకు తగ్గట్టు ఎదుగుతుంటే పెద్దగా బెంగపడనక్కర్లేదు.

బెంగపడాల్సింది అంకె గీత దాటి పరుగెత్తినప్పుడు. తల ఎంతుంది అన్నదాని కంటే ఎంత వేగంగా పెరుగుతోంది అన్నదే అసలు ప్రశ్న. మెదడు లోపలి గదుల్లో నిరంతరం ఒక తేటనీరు ఊరుతుంటుంది. పెద్దవాళ్లలో రోజుకు అరలీటరు దాకా ఊరి, మెదడునూ వెన్నుపామునూ చుట్టి, రక్తంలో కలిసిపోతుంది. ఆ దారిలో ఎక్కడైనా అడ్డు పడితే నీరు నిలుస్తుంది. పసివాళ్లలో పుర్రె ఎముకలు ఇంకా అతుక్కోవు కనుక తల ఉబ్బుతుంది. మాడు ఉబికి గట్టిగా తగులుతుంది. తలమీద నరాలు తేలతాయి. కనుగుడ్లు కిందికి దిగిపోయి, పైన తెల్లగుడ్డు కనిపిస్తుంది. ఇదే హైడ్రోసెఫలస్, జనం మాటల్లో తలలో నీరు చేరడం.

మాడు అంటే తెలుగు ఇళ్లలో అందరికీ తెలుసు. ఆముదం వెచ్చచేసి, నడినెత్తిన మెత్తగా కొట్టుకునే ఆ చోట పెట్టి, అరచేత్తో అద్దే పెద్దవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. నీళ్లుపోసేటప్పుడు తల గుండ్రంగా రావాలని అదిమి సవరించే చేతులూ ఉన్నాయి. ఆముదం వల్ల మాడు త్వరగా పూడుతుందనేది నమ్మకమే. అది మామూలుగా తొమ్మిది నుంచి పద్దెనిమిది నెలల మధ్య దానంతట అదే మూసుకుంటుంది. కానీ రోజూ ఆ చోటును తడిమే చెయ్యి గొప్ప పరికరం. నిన్న మెత్తగా ఉన్నది ఇవాళ బిగిసి ఉబికితే అందరికంటే ముందు ఆ చేతికే తెలుస్తుంది. ఆరోగ్య కార్యకర్తలు ఈ పెద్దవాళ్లను కసురుకోవడం మాని, ఏది చూస్తే డాక్టరు దగ్గరికి పరుగెత్తాలో చెప్పాలి. ఆ మాట వాళ్లకు నిమిషంలో అర్థమవుతుంది.

తల ఆకారం మీద మమకారం మన ఒక్కరిదే కాదు. 1778లో నికోబార్ దీవుల్లో గడిపిన వైద్యుడు నికోలాస్ ఫోంటానా, అక్కడి తల్లులు పుట్టిన బిడ్డ తల వెనకవైపును చేతులతో నొక్కి చదునుగా చేస్తారని రాశాడు. ఆ తర్వాత వచ్చిన యూరోపియన్లు కూడా ఈ అలవాటును గమనించారు. మనవాళ్లకు గుండ్రటి తల అందం, వాళ్లకు చదునైన వెనకతల అందం. బిడ్డను కన్నవాళ్ల ముచ్చట అది.

తర్వాత వచ్చినవాళ్లకు అదే తల సరుకైంది.

1858లో పోర్ట్‌బ్లెయిర్‌లో శిక్షాస్థలం పెట్టిన కొద్ది ఏళ్లకే అండమాన్ ఆదివాసుల ఎముకలు లండన్ చేరాయి. పేరుమోసిన శరీర శాస్త్రజ్ఞుడు రిచర్డ్ ఓవెన్ 1861లోనే ఒక అండమానీ అస్థిపంజరం మీద పత్రం చదివాడు. 1879లో విలియం హెన్రీ ఫ్లవర్ అనేకమంది పుర్రెల కొలతలను పట్టికలుగా వేశాడు. అప్పటి శాస్త్రం నమ్మకం ఏమిటంటే, తల వెడల్పును పొడవుతో భాగించి నూటితో గుణిస్తే మనిషి జాతి తెలుస్తుందని, పుర్రెలో పట్టే పరిమాణాన్నిబట్టి తెలివి తెలుస్తుందని.

ఆదివాసుల వ్యవహారాలు చూసే అధికారిగా 1879లో వచ్చిన మారిస్ విడాల్ పోర్ట్‌మన్ బతికున్నవాళ్లనే కొలిచాడు. 1890ల్లో తెలుపు నలుపు గళ్లు వేసిన తెర ముందు మగవాళ్లనూ ఆడవాళ్లనూ బట్టల్లేకుండా నిలబెట్టి, ముందునుంచీ పక్కనుంచీ ఫొటోలు తీసి, తల పొడవు, వెడల్పు, చెవి నుంచి గడ్డం దాకా ప్రతిదీ ఫారాల్లో నింపాడు. ఆల్బములు బ్రిటిష్ మ్యూజియానికి వెళ్లాయి. అతను టేపు చుడుతున్న ఆ ఏళ్లలోనే వాళ్లు రాలిపోతున్నారు. వాళ్లకోసమని బ్రిటిష్‌వాళ్లు 1863లో తెరిచిన ‘అండమాన్ హోమ్’ జబ్బులను అంటించే కేంద్రమైంది. 1877లో తట్టు దీవి అంతా పాకింది. వలస పాలన మొదలైనప్పుడు వేలల్లో ఉన్న గ్రేట్ అండమానీలు 1901 జనగణనకు 625 మంది, 1961కి 19 మంది. వాళ్ల తల చుట్టుకొలతలు భద్రంగా దాచిన యంత్రాంగం వాళ్లను మాత్రం దాచలేకపోయింది.

అదే దీవిలో పుర్రెకు ఇంకో విలువ ఉండేది. మనిషి పోయాక కొన్ని నెలలకు దగ్గరి బంధువులు ఎముకలు తవ్వి తీసి, సముద్రపు నీటిలో కడిగి, ఎర్రమట్టి, తెల్లసుద్ద పూసేవారు. పుర్రెకు అల్లిన పట్టీ కట్టి, చిన్న గవ్వలు వేలాడదీసి, వీపున వేసుకుని తిరిగేవారు. భర్తది భార్య మోసేది, బిడ్డది తల్లి మోసేది. 1906 నుంచి 1908 దాకా ఇక్కడ ఉన్న ఆంత్రోపాలజిస్టు రాడ్‌క్లిఫ్-బ్రౌన్ దీన్ని ఓపికగా నమోదు చేశాడు. అలా మోసిన పుర్రెలే మ్యూజియాల అద్దాల పెట్టెల్లోకి వెళ్లాయి. శాస్త్రం పేరుతో జరిగినా అది ఒక తల్లి చేతిలోంచి బిడ్డ గుర్తును తీసుకోవడమే.

తల కొలిచి జాతినీ తెలివినీ తేల్చే ఆ లెక్క ఎంత తప్పో తేలడానికి ఎక్కువ కాలం పట్టలేదు. ఫ్రాంజ్ బోయాస్ న్యూయార్క్‌లో వలస కుటుంబాలకు చెందిన దాదాపు 18 వేల మందిని కొలిచి, అమెరికాలో పుట్టిన పిల్లల తల ఆకారం తల్లిదండ్రుల దానికంటే మారుతోందని 1911లో ప్రకటించాడు. తిండి, పెంపకం, నేల మారితే మారే కొలత జాతికి ముద్ర ఎలా అవుతుంది? తెలివి సంగతికొస్తే ఐన్‌స్టీన్ మెదడు బరువు 1230 గ్రాములు, సగటు మగవాడి మెదడు కంటే తక్కువే. రష్యన్ రచయిత తుర్గేనెవ్‌ది రెండు కిలోలు దాటింది.

అయితే తెలుగువాడికి ‘పెద్ద తలకాయ’ అనగానే ముందు గుర్తొచ్చేది టేపు కాదు, పదవి. కుంభకోణం బయటపడితే పత్రికలు దాని వెనకున్న పెద్ద తలకాయల కోసం వెతుకుతాయి. ఆ అధికారం తలకెక్కితే కళ్లు నెత్తికెక్కాయంటారు. దీవుల చరిత్రలో దీనికి నిలువెత్తు ఉదాహరణ సెల్యులర్ జైలు జైలర్ డేవిడ్ బారీ. 1906లో కట్టడం పూర్తయిన ఆ జైల్లో ఖైదీలను గానుగకు కట్టి నూనె తీయించారు. పైన దేవుడెవరైనా పోర్ట్‌బ్లెయిర్‌కు దేవుణ్ణి నేనేనని బారీ కొత్త ఖైదీలకు చెప్పేవాడని అక్కడ శిక్ష అనుభవించినవాళ్లు తమ జ్ఞాపకాల్లో రాసుకున్నారు. ఆ ఏలుబడిలో, 1912లో, ఇందుభూషణ్ రాయ్ అనే యువ ఖైదీ ఉరేసుకున్నాడు. బారీ గర్వం ఒక్కడి దుర్గుణం అనుకుంటే పొరపాటు. పోర్ట్‌మన్ చేతికి కొలత పరికరం, బారీ చేతికి తాళాల గుత్తి ఇచ్చిన పాలన ఒకటే. ఎదుటివాడి తల తనకంటే చిన్నదన్న ముందస్తు తీర్మానమే ఇద్దరినీ నడిపింది.

ఉబ్బిన తలను తగ్గించే వైద్యం మాత్రం అధికారంలోంచి రాలేదు. తండ్రుల దుఃఖంలోంచి వచ్చింది. ఫిలడెల్ఫియాలో జాన్ హోల్టర్ మెకానిక్ పని చేసేవాడు. కొడుకు తలలో నీరు చేరడంతో, ఆ నీటిని ఒక్క దిక్కుకే పోనిచ్చే సిలికాన్ వాల్వును 1956లో తయారుచేశాడు. బాలల రచయిత రోల్డ్ డాల్ కొడుకును 1960లో న్యూయార్క్‌లో టాక్సీ గుద్దింది. ఆ గాయంతో తలలో నీరు చేరింది. దాన్ని మళ్లించడానికి పెట్టిన గొట్టం, అంటే షంట్, మళ్లీ మళ్లీ పూడుకుపోతుంటే డాల్, బొమ్మ విమానాల ఇంజన్లు చేసే స్టాన్లీ వేడ్, సర్జన్ కెన్నెత్ టిల్ కలిసి కొత్త వాల్వు తెచ్చారు. దానిమీద ముగ్గురూ లాభం తీసుకోలేదు.

నేడు ఈ పనిలో మన దేశం చెప్పుకోదగ్గ పేరు చాబ్రా షంట్. ఉత్తరప్రదేశ్‌లోని షాజహాన్‌పూర్‌లో తయారయ్యే ఈ చవకైన పరికరాన్ని, అంతకంటే ఎన్నో రెట్లు ధర ఉన్న అమెరికన్ రకంతో ఉగాండాలో బెంజమిన్ వార్ఫ్ అనే సర్జన్ పోల్చి చూశాడు. 195 మంది పిల్లల మీద ఏడాది గమనించి, ఫలితాల్లో చెప్పుకోదగ్గ తేడా లేదని 2005లో ప్రచురించాడు. డబ్బు లేదన్న మాట ఒక్కటే పసిబిడ్డ చావుకు కారణం కానక్కర్లేదని ఆ ఫలితం చెప్పింది.

అయినా ఆలస్యం జరుగుతూనే ఉంది. 2013లో త్రిపురలో ఒక పేద కుటుంబం బిడ్డ తల చుట్టుకొలత 94 సెంటీమీటర్లకు చేరాక, వార్తా సంస్థ ఫొటో ప్రపంచమంతా తిరిగాకనే పెద్దాసుపత్రిలో చికిత్స దొరికింది. వరుస శస్త్రచికిత్సలతో తల చాలా తగ్గింది గానీ నాలుగేళ్లకు ఆ పాప చనిపోయింది. అక్కడ సముద్రం కూడా అడ్డు లేదు.

నివారణకు దారి ఉన్న కేసులూ ఉన్నాయి. వెన్నెముక సరిగా మూసుకోకుండా పుట్టే పిల్లల్లో తలలో నీరు చేరడం ఎక్కువ. అలాంటి బిడ్డను ఒకసారి కన్న తల్లులు మళ్లీ గర్భం ధరించకముందు నుంచే రోజూ 4 మిల్లీగ్రాముల ఫోలిక్ యాసిడ్ వాడితే ముప్పు 72 శాతం తగ్గుతుందని 1991లో బ్రిటన్ మెడికల్ రీసెర్చ్ కౌన్సిల్ పరీక్ష తేల్చింది. మిగతా ఆడవాళ్లకు రోజుకు 400 మైక్రోగ్రాములు చాలు. నెల తప్పిందని తెలిశాక మొదలుపెడితే చాలావరకు సమయం మించిపోయినట్టే, ఎందుకంటే వెన్ను మూసుకునేది మొదటి నాలుగు వారాల్లోనే. పెళ్లయిన కొత్తలోనే మాత్ర ఇంట్లో ఉండాలి.

పుట్టాక చూసే ఏర్పాటు కాగితం మీదైతే ఉంది. 2013 ఫిబ్రవరిలో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం వెన్నెముక లోపాలను పుట్టుకతోనే వెతకమంటుంది. కార్ నికోబార్‌లోని బిషప్ జాన్ రిచర్డ్‌సన్ ఆసుపత్రి, పోర్ట్‌బ్లెయిర్‌లోని జి.బి. పంత్ ఆసుపత్రి ఈ దీవులకు ఆధారం. వాటికంటే ముందు కావలసింది టీకాలకు వచ్చిన ప్రతి బిడ్డ కార్డులో తల కొలత రాసే నర్సు, ఆ అంకెను గతనెల అంకెతో పోల్చి చూసే కన్ను. షంట్ వేశాక కూడా పని అయిపోదు. గొట్టం ఎప్పుడైనా పూడుకోవచ్చు, సూక్ష్మజీవులు చేరవచ్చు. క్యాంప్‌బెల్ బే తండ్రి ఓడ దిగి ఇంటికి వెళ్లేముందు ఆసుపత్రి అతనికి అతని భాషలో చెప్పి పంపాల్సినవి ఉన్నాయి. ఆగని వాంతులు, లేపినా లేవని మగత, మళ్లీ ఉబికిన మాడు, జ్వరం, ఎర్రబడ్డ కుట్లు. వీటిలో ఏది కనిపించినా తెల్లారేదాకా ఆగకుండా దగ్గర్లోని ఆసుపత్రికి తీసుకెళ్లాలి. అక్కడి డాక్టరు పోర్ట్‌బ్లెయిర్‌కు ఫోను చేయాలి. ఆ నంబరు డిశ్చార్జి కాగితం మీద పెద్ద అక్షరాల్లో రాసి ఉండాలి.