ఒకే ముఖం, ఎందరో మనుషులు – కొరియా నటుడు సాంగ్ కాంగ్ హో

రెండు కొరియాల సరిహద్దులో పాన్‌మున్‌జోమ్ అనే చోట ఇరుపక్షాల సైనికులు ఎదురెదురుగా నిలిచి కాపలా కాస్తారు. ఇరువురి మాతృభాష ఒక్కటే. 2000లో పార్క్ చాన్ వుక్ దర్శకత్వంలో వచ్చిన ‘జాయింట్ సెక్యూరిటీ ఏరియా’ ఆ చోటి కథ. రాత్రివేళ రహస్యంగా గీత దాటి వచ్చిన దక్షిణాది సైనికుడు ఉత్తరాది సార్జెంటుకు చాకొలెట్ పూత గల తినుబండారమొకటి పెట్టి, తమవైపు వచ్చేస్తే ఇవి కావలసినన్ని తినవచ్చునని ఆశ చూపుతాడు. సార్జెంటు నోటిలోని ముక్కను చేతిలోకి ఉమ్మి, ఇంతకంటె మేలైన మిఠాయిని తన దేశమే తయారు చేయాలన్నది తన కల అని గంభీరంగా పలుకుతాడు. పిదప ఆ ముక్కనే మళ్లీ నోట వేసుకుంటాడు. ప్రేక్షకునికి నవ్వు వస్తుంది, మరుక్షణమే గొంతు పట్టుకుంటుంది.

ఆ సార్జెంటు పాత్రధారి సాంగ్ కాంగ్ హో. 1967లో దక్షిణ కొరియాలోని గిమ్‌హేలో జన్మించి, నాటకరంగంలో నటన నేర్చి, 1996లో చిన్న పాత్రతో వెండితెరకు వచ్చారు. 1997లో ‘గ్రీన్ ఫిష్’లో ఆయన రౌడీ వేషం చూసినవారు నిజమైన రౌడీనే తెచ్చి నిలబెట్టారేమో అనుకున్నారట. అదే ఏడు ‘నంబర్ 3’లో నత్తి గల రౌడీ నాయకుడై కడుపుబ్బ నవ్వించారు.

బహుముఖ నటన అనగానే మనకు మీసాలు, విగ్గులు, మారువేషాలు తలపుకు వస్తాయి. సాంగ్ ముఖం అంతగా మారదు. వీధి చివర కనబడే మామూలు మనిషి ముఖమే అది. లోపలి మనిషి మారుతాడు.

2003లో బాంగ్ జూన్ హో తీసిన ‘మెమొరీస్ ఆఫ్ మర్డర్’లో ఆయన పల్లెటూరి పోలీసు. 1986–1991 నడుమ హ్వాసాంగ్ ప్రాంతంలో జరిగిన స్త్రీల హత్యలు దానికి ఆధారం. కళ్లలోకి చూసి దోషిని పట్టగలనని బడాయి పోయే ఆ పోలీసు, చివరకు ఏమీ తేల్చలేక సూటిగా ప్రేక్షకుని కళ్లలోకి చూస్తాడు. అసలు హంతకుడు డి.ఎన్.ఏ. పరీక్షల వలన 2019లో గాని బయటపడలేదు. అప్పటికే అతడు వేరొక హత్యకేసులో జైలులో ఉన్నాడు. ఈ సంగతి తెలిసిన పిదప ఆ చూపు మరింత బరువెక్కుతుంది.

‘ఎ టాక్సీ డ్రైవర్’ (2017)లో ఆయన 1980 నాటి గ్వాంగ్జూ కాల్పుల నడుమకు జర్మన్ విలేఖరిని తీసుకుపోయే డ్రైవరు. ‘పారసైట్’ (2019)లోనూ డ్రైవరే. కాని ఎంత తేడా! నేలమాళిగ ఇంటి వాసన తన ఒంటిని వదలలేదని యజమానుల మాటల్లో విన్న ఆ తండ్రి పైకి ఏమీ అనడు. ఒక్కొక్క అవమానానికి ఆ ముఖంలో వెలుగు తగ్గుతూ వస్తుంది, అంతే. చివరకు యజమాని ముక్కు మూసుకున్న క్షణాన జరిగే ఘోరానికి అదే పునాది. 2020లో ఆ చిత్రం నాలుగు ఆస్కార్లు గెలిచింది. ఉత్తమ చిత్రంగా ఎన్నికైన తొలి ఆంగ్లేతర భాషా చిత్రమదే.

2022లో ‘బ్రోకర్’ చిత్రానికి కాన్ ఉత్సవంలో ఉత్తమ నటుడైన సాంగ్, ఆ గౌరవం పొందిన తొలి కొరియా నటుడు. ఆ చిత్ర దర్శకుడు హిరోకజు కోరే-ఎడా జపాను దేశస్థుడు, కొరియా భాష ఎరుగడు. చిత్రీకరించిన వాటిలో ఏ పలుకుబడి సహజంగా ఉన్నదో, ఏది ఎంచుకోదగినదో ఆయనకు సూచిస్తూ వచ్చినది సాంగే.