కొబ్బరి ఆరబెట్టుటకు అడుగు మంటా? వేడిగాలి డ్రయ్యరా?

అంబాజీపేట: కొత్తకొబ్బరికి మొదటి రకం, రెండో రకం అని ధరల పట్టీలో రెండు వరుసలుండడానికి కాయ నాణ్యత ఒక్కటే కారణం కాదు. ఒకే తోటలో, ఒకే దింపులో వచ్చిన కాయలు సైతం ఆరబెట్టిన తీరును బట్టి రెండు ధరలకు పోతాయి. వానల రోజుల్లో సరుకు చేతబట్టిన వర్తకుడు కొబ్బరికి వేడి ఏ విధంగా పెట్టాలన్నది ముందే తేల్చుకోవడం మంచిది.

పచ్చి కొబ్బరిలో దాదాపు సగం నీరే. కేంద్ర ప్రభుత్వ మద్దతు ధర కొనుగోళ్ల ప్రమాణం ప్రకారం మిల్లు కొబ్బరిలో తేమ 6 శాతం, కురిడీ కొబ్బరిలో 7 శాతం మించరాదు. 2025 సీజనుకు మిల్లు కొబ్బరి మద్దతు ధర క్వింటాలుకు రూ. 11,582 గాను, కురిడీకి రూ. 12,100 గాను ప్రకటించారు. 10 శాతం తేమ గల క్వింటాలు సరుకును 6 శాతానికి ఆరబెడితే 95 కిలోల 750 గ్రాములే మిగులుతుంది. అంటే నాలుగుంబావు కిలోల తరుగు. పై ధరన లెక్కిస్తే ఇది క్వింటాలుకు సుమారు రూ. 493. కొనేటప్పుడు ఈ తరుగు చూసుకోనివారు నీటికి కొబ్బరి ధర చెల్లించినట్లే.

వేసవిలో ఎండను మించిన చౌక సాధనం లేదు. కళ్లంలో అయిదు నుంచి ఏడు రోజుల్లో చిప్పలు ఆరతాయి. జూన్ నుంచి నవంబరు వరకు నైరుతి, ఈశాన్య రుతుపవనాలు ఒకదాని వెంట ఒకటి వస్తాయి గనుక ఎండను నమ్ముకోవడం కష్టం. పగిలిన కాయ తడిమీద రెండు రోజులుంటే బూజు పడుతుంది. కొన్ని రకాల బూజు అఫ్లటాక్సిన్ అనే విషాన్ని పుట్టిస్తుంది. అది తెలగపిండిలోకీ, ఆ పిండి తిన్న పశువుల పాలలోకీ చేరుతుంది.

అట్టి రోజులకు అడుగు మంట పాత పద్ధతి. వెదురు బద్దల తడికపై చిప్పలు పేర్చి, కింద గుంటలో కొబ్బరి పెంకులు, డొక్కలు కాలుస్తారు. కట్టడానికి ఖర్చు తక్కువ. మూడు, నాలుగు రోజుల్లో సరుకు దిగుతుంది. అయితే పొగ నేరుగా కొబ్బరికి తగులుతుంది. చిప్ప నల్లబడి, నూనె రంగు చెడుతుంది. పొగలోని తారు పదార్థాలు నూనెలోకి దిగితే శుద్ధి చేసే మిల్లులకు అదనపు ఖర్చు. మంట మొదట్లోనే ఎక్కువైతే పైపొర గట్టిపడి లోపలి తేమ బయటికి రాదు. పైకి ఎండినట్లు కనిపించిన ఆ సరుకు గోనె సంచుల్లో చెమర్చి బూజెక్కుతుంది.

వేడిగాలి డ్రయ్యరులో మంట వేరు, గాలి వేరు. పొగ గొట్టం గుండా బయటికి పోతుంది. కాలిన రేకుల వేడితో కాగిన శుభ్రమైన గాలి మాత్రమే చిప్పల మధ్యకు వస్తుంది. కొరియా దేశస్థులు నేల రాళ్ల కింద పొగను నడిపించి, గదిలోకి పొగ రానీయకుండా ఇల్లు వెచ్చబరచుకునే ఓండోల్ పద్ధతిలోని సూత్రమూ ఇదే. కాసరగోడులోని కేంద్ర తోట పంటల పరిశోధన సంస్థ కొబ్బరి పెంకులతో నడిచే ఇటువంటి డ్రయ్యరును రూపొందించింది. ఒక దఫాకు వెయ్యి కాయల కొబ్బరి వేస్తే సుమారు 24 గంటల్లో ఆరుతుంది. పెంకులు ఒకసారి పేర్చితే దాదాపు అయిదు గంటలు మనిషి కాపలా లేకుండానే కాలుతాయి.

కురిడీ సంగతి వేరు. కాయ పగలగొట్టకుండా అటకపై ఎనిమిది నుంచి పన్నెండు నెలలు నిలవ ఉంచుతారు. కొన్నిచోట్ల కింద సన్నని పొగ కూడా పెడతారు. డొక్క, పెంకు అడ్డు ఉంటాయి గనుక లోపలి గుండుకు పొగచూరు అంటదు. కనుక అడుగు వేడి కురిడీకి తగినదే, పగిలిన చిప్పకు తగదు.

ఇక లాభనష్టాలు. వెయ్యి కాయలకు సుమారు 140 కిలోల ఎండుకొబ్బరి వస్తుంది. మొదటి, రెండో రకాల మధ్య క్వింటాలు తేడాను 1.4తో హెచ్చవేయాలి. ఆ మొత్తం డ్రయ్యరుకు దఫా ఒక్కింటికి పడే అదనపు ఖర్చును మించితే డ్రయ్యరే లాభం. ఖర్చులో కూలి, పెట్టుబడిపై వడ్డీతో పాటు కాల్చిన పెంకుల వెలను కూడా కలపాలి. పెంకులకు బొగ్గు బట్టీలవారి గిరాకీ ఉన్నందున వాటిని ఉచితమనుకోరాదు. ఏడాదికి కొద్ది దఫాలే ఆరబెట్టే చిన్న వర్తకుడు ఒంటరిగా డ్రయ్యరు పెట్టుకోవడం కంటె నలుగురు కలిసి పెట్టుకోవడం మేలు.

కొనుగోలుదార్లు సంచి పైవరుస చూసి బేరం ముగించరాదు. నడుమనుంచి నాలుగు చిప్పలు తీసి విరిచి చూడాలి. బాగా ఆరినది ఫట్‌మని విరుగుతుంది, తేమ ఉన్నది వంగుతుంది. విరిగిన చోట తెలుపు, పొగ వాసన లేకపోవడం కూడా సరిచూసుకున్న తర్వాతనే మొదటి రకం ధర పలకడం ఉచితం.