ఉక్కు గొట్టం, రెండు రకాల నీళ్లు

ఉక్కు నీళ్లలో మునుగుతుందా, తేలుతుందా? ఎవరినడిగినా మునుగుతుందనే అంటారు. మరి సముద్రంలో వేసిన పెద్ద ఉక్కు గొట్టం తేలుతుందంటే నమ్ముతారా పిల్లలూ? రండి, లెక్క వేసి చూద్దాం.

నార్వేలోని నీహామ్నా నుంచి ఇంగ్లండ్‌లోని ఈజింగ్టన్ దాకా ఉత్తర సముద్రం అడుగున 'లాంగెలెడ్' అనే గ్యాసు గొట్టం ఉంది. పొడవు 1,166 కిలోమీటర్లు. 2006లో దక్షిణ భాగంలో, 2007లో మొత్తం గొట్టంలో గ్యాసు పారింది. ఏడాదికి సుమారు 2,500 కోట్ల ఘనపు మీటర్ల గ్యాసు మోయగలదు. 2011లో రష్యా, జర్మనీల మధ్య నార్డ్ స్ట్రీమ్ వచ్చేదాకా సముద్రం అడుగున ఇంత పొడవైన గొట్టం మరొకటి లేదు.

ఇక లెక్క. దక్షిణ భాగంలో గొట్టం వ్యాసం 44 అంగుళాలు. అందులో ఒక మీటరు ముక్క నీళ్లలో ముంచితే దాదాపు ఒక ఘనపు మీటరు నీటిని పక్కకు నెడుతుంది. ఆ నీటి బరువు టన్ను. ఉక్కు మందం రెండున్నర సెంటీమీటర్లు అనుకుంటే ఆ ముక్క బరువు 675 కిలోలే! లోపల కుక్కిన గ్యాసు బరువు కలిపినా టన్నుకు చేరదు. మూత బిగించిన ఖాళీ బిందె చెరువులో మునగదు కదా, ఇదీ అంతే. ఆర్కిమెడిస్ చెప్పిన సూత్రమే ఇది. అందుకే ఉక్కుకు ముందు తుప్పు పట్టకుండా పూత పూసి, దాని మీద మందంగా కాంక్రీటు తొడుగుతారు. ఆ కాంక్రీటు బరువే గొట్టాన్ని అడుగున పడుకోబెడుతుంది. 12 మీటర్ల ముక్కల్ని ఓడ మీదే వెల్డింగ్ చేసి, ప్రతి అతుకునూ పరీక్షించి, ఓడ ముందుకు జరుగుతుంటే వెనక నుంచి నీళ్లలోకి దించుతారు.

బయటి నీటి సంగతి ఇది. గ్యాసుతో పాటే గొట్టం లోపలికి వచ్చే నీరు ఇంకా ప్రమాదం. ఈ గ్యాసు వచ్చేది ఓర్మెన్ లాంగె అనే క్షేత్రం నుంచి. అక్కడ సముద్రం అడుగున చలి సున్నా డిగ్రీలకు కాస్త కిందే. అంత చలిలో, అంత ఒత్తిడిలో గ్యాసూ నీరూ కలిస్తే మంచులాంటి గడ్డలు కట్టి గొట్టం మూసుకుపోతుంది. వాటిని హైడ్రేట్లంటారు. అందుకే గ్యాసు పైకి వచ్చే బావి దగ్గరే అందులో గ్లైకాల్ కలుపుతారు. కారు రేడియేటర్లో పోసే కూలెంట్‌లో ఉండేదీ అదే. నీహామ్నా చేరాక నీటినీ గ్లైకాల్‌నూ వేరుచేసి, గ్యాసును పొడిగా ఆరబెట్టాకే ఇంగ్లండ్‌కు పంపుతారు.

గ్యాసును ఆరబెట్టడం ఖర్చు దండగ పని కాదు. తడి గ్యాసు ఉక్కును లోపల్నుంచి తినేస్తుంది. 2014 జూన్ 27న మన కోనసీమలోని నగరం గ్రామంలో తుప్పు తిన్న గొట్టం లీకై, గ్యాసు అంటుకుని ఇరవై మందికి పైగా ప్రాణాలు పోయాయి. పొడి గ్యాసు కోసం వేసిన గొట్టంలో తడి గ్యాసు పారించారని విచారణలో తేలింది. నార్వే వాళ్లు సముద్రం కింద పాటిస్తున్న జాగ్రత్త ఊళ్ల మధ్య నుంచి పోయే గొట్టాలకు ఇంకా ఎక్కువ అవసరం.

మన వంతు జాగ్రత్త కూడా ఒకటుంది. పొలం గట్టున గ్యాసు పైపు హెచ్చరిక బోర్డు కనిపిస్తే అక్కడ తవ్వనివ్వకండి. లీకు అనుమానం వస్తే నిప్పు వెలిగించకండి, బండి స్టార్టు చేయకండి. దూరంగా వెళ్లి, బోర్డు మీదున్న నంబరుకు ఫోన్ చేయండి. ఈ మాట ఇంట్లో పెద్దవాళ్లకీ చెప్పండి.