రెక్కలు గల కొండలు

సంస్కృతమున కొండకు అచలమని పేరు. అనగా కదలనిది. నగమనగా నడువనిది. ఇట్టి పేర్లు పెట్టిన పెద్దలే, పూర్వము కొండలకు రెక్కలుండెడివనియు, అవి పక్షులవలె ఆకాశమున ఎగురుచుండెడివనియు చెప్పిరి. కదలనిదానికి రెక్కలు కల్పించుట వింతగదా!

ఈ కథ రామాయణమున సుందరకాండమునందు కలదు. సీతను వెదకుటకై హనుమంతుడు సముద్రమును లంఘించుచుండగా, నీటి నడుమనుండి ఒక బంగారు కొండ పైకి లేచి, తన శిఖరముపై కొంతసేపు విశ్రమింపుమని వేడుకొన్నది. అతడు హిమవంతుని కుమారుడగు మైనాకుడు. కృతయుగమున పర్వతములు గరుత్మంతునివలె దిక్కులన్నిటను వేగముగా తిరుగుచుండెడివట. ఎప్పుడు ఏ కొండ నెత్తిపై పడునోయని దేవతలును, ఋషులును, సమస్త ప్రాణులును వణకిపోయిరి. అంతట ఇంద్రుడు కోపించి, వజ్రాయుధముతో వాని రెక్కలను తెగనరుకసాగెను. మైనాకుని వంతు వచ్చినప్పుడు వాయుదేవుడు అతనిని ఉప్పుసముద్రమున పడవైచి కాపాడెను. ఆ మేలు మరువక, వాయుపుత్రునకు ఆతిథ్యమిచ్చుటకై మైనాకుడు పైకి వచ్చెను. హనుమంతుడు కార్యతొందర తెలిపి, ఆ కొండను చేతితో తాకి ముందునకు సాగిపోయెను.

ఇంతకంటె ప్రాచీనమైన మైత్రాయణీ సంహితలో మరియొక విశేషమున్నది. తెగిన ఆ రెక్కలే మేఘములైనవట! అందువలననే మబ్బులు కొండలను విడువలేక వానిచుట్టు తిరుగుచుండునట. వానకాలమున కొండ నెత్తిని మబ్బు క్రమ్మియుండగా చూచినవారికి ఈ ఊహలోని సొగసు చెప్పకయే తెలియును.

కథ కథయే. ఏ కొండయు ఎన్నడును ఎగురలేదు. అయినను, కొండలు కదలుననుమాట మాత్రము అసత్యము కాదు. ఈ మాటను కథగా గాక శాస్త్రముగా చెప్ప సాహసించినవాడు ఆల్ఫ్రెడ్ వెగెనర్ అను జర్మను శాస్త్రజ్ఞుడు. ఆయన 1880లో జన్మించెను. వాతావరణ శాస్త్రము ఆయన విద్య.

భూగోళపటమున దక్షిణ అమెరికా తూర్పుతీరమును, ఆఫ్రికా పడమటి తీరమును పరికించినచో, ఒకదానిలో ఒకటి అమరునట్లు కానవచ్చును. ఈ రెండును ఒకప్పుడు కలిసియుండి, పిదప విడిపోయినవని వెగెనర్ 1912లో ప్రకటించెను. తీరముల పోలిక ఒక్కటియే చాలదని ఆయన యెరుగును. చినిగిన వార్తాపత్రిక ముక్కలను అంచులనుబట్టి చేర్చినపుడు, అందలి అక్షరముల పంక్తులుకూడ కలిసినచో, అవి ఒకే కాగితమని నమ్మవలసినదే. ఇచ్చట అక్షరములు శిలలు, శిలాజములు. మెసోసారస్ అను చిన్న సరీసృపపు ఎముకలు దక్షిణాఫ్రికాలోను, బ్రెజిలులోను దొరకినవి. అది మహాసముద్రమును ఈదగలిగిన జంతువు కాదు. గ్లాసాప్టెరిస్ అను చెట్టు ఆకుల అచ్చులు ఆఫ్రికా, దక్షిణ అమెరికా, ఆస్ట్రేలియా, భారతదేశములందును, మంచుతో నిండిన అంటార్కిటికాయందును గలవు. మన గోదావరీ లోయలోని సింగరేణి బొగ్గు ఆ కాలపు అడవుల అవశేషమే. కలిసియున్న ఆ దక్షిణభూమికి గోండ్వానా అని పేరు. అది మధ్యభారతమందలి గోండుల నేలనుబట్టి వచ్చిన పేరు.

పండితులు పెక్కురు ఆయనను పరిహసించిరి. ఖండములను త్రోయు శక్తి యేదియని అడిగిరి. ఆ ప్రశ్న న్యాయమైనదే. దానికి వెగెనర్ సరియైన సమాధానము చెప్పలేకపోయెను. కాని, కారణము తెలియనంత మాత్రమున కన్నులకు కనబడు సాక్ష్యమును త్రోసివేయుట న్యాయము కాదు. 1930లో ఆయన గ్రీన్‌లాండునకు పోయెను. అచ్చటి మంచు నడుమనున్న పరిశోధన స్థావరమునకు, అందలి సహచరులకొరకు, సామగ్రి చేర్పబోయి, తిరిగి వచ్చుచు నవంబరు నెలలో త్రోవలోనే మరణించెను. అప్పటికి ఆయనకు ఏబది యేండ్లు నిండినవి. మరుసటి యేట ఆయన దేహము మంచులో దొరకినది.

ఆయన చెప్పలేకపోయిన సమాధానము సముద్రము అడుగున దొరకినది. 1950 తరువాత జరిగిన పరిశీలనలలో, మహాసముద్రముల నడుమ దీర్ఘమైన పర్వతశ్రేణులున్నట్లును, వాని నడిమి పగుళ్లనుండి క్రొత్త శిల పుట్టుచు, సముద్రతలము ఇరుప్రక్కలకు జరుగుచున్నట్లును తేలినది. భూమి పైపొర అఖండమైనది కాదు. కాగుచున్న పాలపై మీగడ పగిలి ముక్కలు కదలునట్లు, అది పెద్ద పెద్ద పలకలై కదలుచున్నది. అయితే క్రిందనున్నది పాలవంటి ద్రవము కాదు. వేడికి మెత్తబడి, కోట్ల యేండ్లలో మెల్లగా సాగు శిల. ఖండములు ఆ పలకలపై కూర్చుండి ప్రయాణము చేయుచున్నవి.

వానిలో భారతదేశపు ప్రయాణము మిక్కిలి ఆశ్చర్యకరమైనది. మన తూర్పుకనుమల శిలలకు సరిజోడైన శిలలు నేడు అంటార్కిటికాలో ఉన్నవి. సుమారు 13 కోట్ల యేండ్లక్రిందట ఈ రెండును విడిపోయినవి. భారతభూమి ఉత్తరముగా సాగుచు, ఒక దశలో ఏటికి 15 సెంటీమీటర్లకు పైగా పరుగెత్తినది. సుమారు 5 కోట్ల యేండ్లక్రిందట ఆసియాను ఢీకొన్నది. నడుమనున్న టెథిస్ సముద్రము మూసుకొనిపోయి, దాని అడుగునగల పొరలు మడతలుపడి పైకి లేచినవి. హిమాలయము పుట్టినది! అందువలననే ఎవరెస్టు శిఖరపు సున్నపురాతిలో సముద్రజీవుల అవశేషములు కలవు. నేపాళమున గండకీనదిలో దొరకు సాలగ్రామములందలి చక్రములు ఆ ప్రాచీన సముద్రపు నత్తజాతివంటి జీవుల గుల్లలే.

ఆ ప్రయాణము నేటికిని ఆగలేదు. భారతభూమి ఏటికి సుమారు 5 సెంటీమీటర్లు కదలుచున్నది. మన గోళ్లు పెరుగు వేగముకంటె కొంచెము హెచ్చు. అందు 2 సెంటీమీటర్లంత ఒత్తిడిని హిమాలయమే భరించుచున్నది. శిలలు కొంతకాలము ఓర్చుకొనును; ఓర్వలేనప్పుడు ఒక్కసారిగా జారును. అదియే భూకంపము. 2015 ఏప్రిల్ 25న నేపాళమున అట్లే జరిగి, దాదాపు తొమ్మిదివేలమంది మరణించిరి. కాఠ్మండు నగరపు నేల నిమిషములలోనే మీటరునకు పైగా దక్షిణమునకు జరిగినది. మైనాకుని కథలో ప్రాణులు కొండలకేల వెరచిరో ఆనాడు అచ్చటివారికి తెలిసియుండును.

ఎవరెస్టుకూడ ఊరకుండలేదు. అంతకుముందు పదియేండ్లలో అది 40 సెంటీమీటర్లు ఈశాన్యముగా కదలియుండెనని చీనా దేశపు కొలతలు తెలిపినవి. ఆ భూకంపము దానిని 3 సెంటీమీటర్లు నైరుతికి వెనుకకు త్రోసినది.