మాండమస్

ఆటోనగర్‌లో లారీ బాడీకి వెల్డింగ్ జరుగుతోంది. పక్కనే టీ గ్లాసు పట్టుకున్న డ్రైవరు జేబులో రవాణా శాఖ షోకాజ్ నోటీసు ఉందనుకోండి. లైసెన్సు సస్పెండ్ చేయలేదు, అలాగని వదిలేయనూ లేదు. నేలపాడులోని హైకోర్టుకు వెళ్లొచ్చా? వెళ్లొచ్చు. నోటీసే కొట్టేయమంటే మాత్రం ‘ముందు జవాబివ్వు’ అనడమే ఎక్కువ. నిర్ణయమే రాకపోతే సమీక్షించేదేముంది!

ఫైలును నెలల తరబడి నాన్చితే కథ వేరు. రాజ్యాంగం 226వ అధికరణ కింద మాండమస్ అడగొచ్చు. లాటిన్‌లో ‘ఆదేశిస్తున్నాం’ అని అర్థం. కోర్టు సాధారణంగా ఫలానా గడువులోగా తేల్చమంటుంది. ఎలా తేల్చాలో చెప్పదు. డ్రైవరు వాదన వినకుండా వేటు వేయకూడదని 1988 మోటారు వాహనాల చట్టం 19వ సెక్షనే అంటోంది. వేటు పడితే అప్పీలుకు 30 రోజులు. అన్నాళ్లూ బండెక్కేదెలా అంటే, అది ఇంకో పిటిషన్!