రాయి తొడుక్కున్న ఇనుము

పారిస్ ఒపేరా ముందు నిలబడితే కనిపించేదంతా రాయే. రంగురంగుల చలువరాళ్లు, జంట స్తంభాలు, పైన బంగారు పూత శిల్పాలు. 1861లో మొదలై, నడుమ యుద్ధంతో ఆగి, 1875 జనవరి 5న తెరుచుకున్న ఈ భవనంలో అంతస్తులను, పైకప్పును మోసేది మాత్రం లోపల దాగిన ఇనుము. బయటినుంచి ఆ సంగతి ఎవరికీ తట్టదు. వాస్తుశిల్పి షార్ల్ గార్నియే కోరుకున్నదీ అదే.

పారిస్ లలితకళల బడి ‘ఎకోల్ దె బోజార్’ నేర్పిన పద్ధతి అది. వాస్తుశిల్పులకూ చిత్రకారులకూ ఒకటే బడి. కట్టడానికి గ్రీకు, రోమన్, రినైసాన్స్ నమూనాలు ప్రమాణం. చిత్రానికి పురాణగాథ వస్తువు, కుంచె జాడ తెలియని నునుపు గుణం. అలెగ్జాండర్ కబనెల్ ‘వీనస్ జననం’ సరిగ్గా అలాంటిది. 1863 నాటి అధికారిక చిత్రప్రదర్శన ‘సలాన్’లో చూసి మూడో నెపోలియన్ చక్రవర్తే కొనుక్కున్నాడు. భవనాల చరిత్ర వేరు, బొమ్మల చరిత్ర వేరు అనుకుని చదివితే ఈ చుట్టరికం దొరకదు. ఇనుమును దాచిన చేయీ, కుంచె గీతను దాచిన చేయీ ఒక్కటే.

దాచనివాళ్లు లేకపోలేదు. ఆన్రీ లాబ్రూస్త్ సెయింట్ జెనెవీవ్ గ్రంథాలయంలో సన్నటి పోత ఇనుప స్తంభాలను పాఠకుల కళ్లెదుటే నిలబెట్టాడు. 1851లో లండన్‌లో పాక్స్‌టన్ ఇనుము, గాజులతో క్రిస్టల్ ప్యాలెస్ లేపాడు. అయినా ఇనుమును అందంగా చూడటం జనానికి అలవాటు చేసింది, నా మటుకు, చిత్రకారులే.

1874 ఏప్రిల్‌లో మోనే, రెన్వార్, దెగా, పిసారో, బెర్త్ మోరిసో తదితరులు సలాన్‌ను కాదని సొంత ప్రదర్శన పెట్టుకున్నారు. ఫొటోగ్రాఫర్ నాదార్ ఖాళీ చేసిన స్టూడియో అది, ఇంకా పూర్తికాని ఒపేరాకు కూతవేటు దూరం. వీళ్ల బొమ్మల్లో కుంచె దెబ్బలు దాగలేదు. 1877లో మోనే సెయింట్ లజార్ స్టేషన్‌కు వెళ్లి పన్నెండు చిత్రాలు వేశాడు. పైన ఇనుప దూలాలు, గాజు కప్పు, కింద నీలం, ఊదా కలిసి సుళ్లు తిరిగే ఇంజన్ పొగ. సూర్యోదయానికి ఇచ్చినంత శ్రద్ధ ఒక రైలు షెడ్డుకు దక్కింది.

ఆ స్టేషన్ పట్టాల మీదుగా పోయే యూరప్ వంతెనను గుస్తావ్ కైబోత్ అంతకు ముందటేడే గీశాడు. బిగించిన మేకులతో సహా అడ్డదిడ్డపు దూలాలు చిత్రంలో సగం జాగా ఆక్రమిస్తాయి. ‘పారిస్ వీధి, వాన రోజు’లో అతను నగరాన్ని తిరగకట్టించిన అధికారి ఊస్‌మాన్ పాత ఇళ్లు కూల్చి వేయించిన వెడల్పు రోడ్లను, ఒకే ఎత్తు మేడలను, గొడుగు కింద ఒకరినొకరు పట్టించుకోని మనుషులను చూపించాడు. కొత్త నగరం ఎంత చక్కనిదో, ఎంత ఒంటరిదో ఒకేసారి చెప్పిన బొమ్మ ఇంకొకటి నాకు తెలియదు.

1887లో ఐఫెల్ టవర్ వద్దంటూ ‘ల తాం’ పత్రికలో ప్రముఖులు నిరసన లేఖ ప్రచురించారు. సంతకాల్లో గార్నియే పేరుంది, సలాన్ చిత్రకారుడు బుగెరో పేరుంది. అదే టవర్‌ను 1889లో, శిఖరం పూర్తికాకముందే, జార్జ్ సెరా రంగు చుక్కలతో చిత్రించాడు.

టవర్ నిలిచింది, దాచే అలవాటూ పోలేదు. 1900లో విక్టర్ లాలూ కట్టిన ఓర్సే స్టేషన్‌లో టవర్‌లోకన్నా ఎక్కువ లోహం ఉంది, నదివైపు ముఖమంతా రాతి తొడుగే. 1986 నుంచి అది మ్యూజియం. కబనెల్ వీనస్ అక్కడే ఉంది. మోనే స్టేషన్ చిత్రాల్లో ఒకటీ అక్కడే. దాన్ని కొని దాచి, 1894లో చనిపోతూ తన సేకరణలోని మిగతా బొమ్మలతో పాటు ప్రభుత్వానికి రాసిచ్చినవాడు కైబోత్. ఆ కానుకను తీసుకోవద్దని అకాడమీ పెద్దలు గొడవ చేశారు. చివరికి ప్రభుత్వం కొన్నిటినే తీసుకుంది, మిగతావి వద్దంది.