మాంత్రిక బాలుర చలనచిత్రములు

జె. కె. రౌలింగు రచించిన 7 హారీ పాటరు నవలలు 2001 మొదలు 2011 వఱకు 8 చిత్రములుగా వెలువడెను. కడపటి నవలను రెండు భాగములుగా జేయుటచే సంఖ్య పెరిగినది.

క్రిస్ కొలంబసు తీసిన మొదటి రెండును వెలుగుతోను, బాలుర యచ్చెరువుతోను నిండినవి. 2004లో మూడవదానిని దీసిన అల్ఫోన్సో క్వారోను అందు జీకటిని, చలిని బ్రవేశపెట్టెను. అంతియ కాదు, ముగ్గురు ముఖ్యనటులను తమ తమ పాత్రలను గూర్చి వ్యాసములు వ్రాయుడనెను. ఎమ్మా వాట్సను పెక్కు పుటలు నింపెను. డేనియలు రాడ్‌క్లిఫు ఒక పుటతో సరిపుచ్చెను. రూపర్టు గ్రింటు వ్రాయనే లేదు. ముగ్గురును తమ పాత్రల స్వభావమునే చూపిరి గదా! ఇట్టి మువ్వురు మన తరగతులలోను లేకపోరు.

2002లో రిచర్డు హారిసు మరణింపగా, ప్రధానోపాధ్యాయుని పాత్రను మైకేలు గాంబను ధరించెను. నాకు మాత్రము హారిసు మెల్లని పలుకే ప్రియము.

నాలుగవది మైక్ న్యూవెలుది. తక్కిన నాలుగును డేవిడ్ యేట్సువి. 2000లో 11 ఏండ్ల బాలుడుగా ఎన్నుకొనబడిన రాడ్‌క్లిఫు, చిత్రణము ముగియునప్పటికి 20 దాటినవాడు. ఎదుగుటను అతడు నటింపవలసిన పని లేకపోయెను. ఏడవ చిత్రమున ఆ ముగ్గురును బడిలో నడుగే పెట్టరు. ఎనిమిదవదానిలో ఆ బడియే యుద్ధభూమి.